ఆర్టిఫిషియల్ లాన్ అంచు లేస్తోందా, రాయి ఒరుగుతోందా? సమస్య - పరిష్కారం

గడ్డి అంచు లేవగానే చాలామంది గమ్ డబ్బా కోసం షాపుకి పరిగెడతారు. అంచు రాయి కదిలినా, అడుగున నీళ్లు నిలిచినా, మేకు తుప్పు పట్టినా పైకి కనిపించేది గడ్డి లేవడం ఒక్కటే. కాబట్టి గడ్డి జోలికి పోకముందు రాయిని చేత్తో ఊపి చూడండి, దాని మీద రసమట్టం పెట్టండి, అంచుకి లోపలివైపు ఒక బకెట్ నీళ్లు పోయండి. తప్పు ఎక్కడుందో దాదాపు తేలిపోతుంది.

వానల తర్వాత రాయి బయటికి ఒరిగి, గడ్డికీ రాయికీ మధ్య సందు పడింది

విశాఖలో రుషికొండ, ఎండాడ, మధురవాడ వైపు ఏటవాలు స్థలాల్లో ముందుగా అనుమానించాల్సింది రాయి కింది పునాదినే. కడప రాయిని ఉత్త మట్టిలో నిలబెట్టి, కీళ్ల దగ్గర మాత్రం కాస్త సిమెంటు మాలు పూసి వదిలేస్తారు. లోపల కంకర వేసి దిమ్మిస కొట్టగానే ఆ ఒత్తిడి రాయి మీద పడుతుంది. పైగా ఎర్రమట్టి. వాన ఆ మట్టిని ఎలా కోస్తుందో భీమిలి దారిలో ఎర్రమట్టి దిబ్బలు చూసినవాళ్లకి చెప్పక్కర్లేదు. అక్టోబరు వాయుగుండం ఒక్కటి చాలు, రాయి బయటివైపు మట్టి జారిపోవడానికి.

ఒరిగిన రాయిని వెనక్కి నెట్టి మాలు పూస్తే మళ్లీ వానల్లో అదే కథ. అంచు వెంట మేకులు తీసి గడ్డిని రెండడుగులు వెనక్కి మడవండి. రాయి పీకేసి, డస్ట్ (గడ్డి కింద పరిచే క్రషర్ రాతిపొడి) మట్టం నుంచి 10 అంగుళాల లోతు, 8 అంగుళాల వెడల్పు కాలువ తీసి అడుగు గట్టిగా దిమ్మిస కొట్టండి. 1:2:4 (సిమెంటు, ఇసుక, కంకర) కాంక్రీటు 3 అంగుళాలు పరిచి, అది పచ్చిగా ఉండగానే 8 అంగుళాల రాయిని దారం కట్టి నిలబెట్టండి. బయటివైపు రాయి ఎత్తులో మూడింట రెండు వంతుల దాకా కాంక్రీటును వాలుగా మెత్తండి. లోపలివైపు మాత్రం మెత్తకండి, మేస్త్రీలు ఎక్కువగా పొరబడేది ఇక్కడే. లోపల కాంక్రీటు పైకొస్తే మేకు దిగదు, వంకర పోతుంది. అడుగున పరిచిన కాంక్రీటు డస్ట్ మట్టానికి 7 అంగుళాల కింద ఉంటే 6 అంగుళాల మేకు హాయిగా దిగుతుంది. వారం రోజులు తడి గోనెలు కప్పి ఉంచి, ఆ తర్వాతే లోపల కంకర కొట్టాలి.

ఇలా పెడితే రాయి తల డస్ట్ మట్టానికి అంగుళం పైన ఉంటుంది. 35 మి.మీ. గడ్డికి అది సరైన ఎత్తు: పోచలు రాయిని కొంచెం దాటి అంచు రేఖను కప్పేస్తాయి. 25 మి.మీ. గడ్డి అయితే అర అంగుళం చాలు.

అంచు వెంట నీళ్లు నిలుస్తున్నాయి, వాసన వస్తోంది

నీళ్లు గడ్డి అడుగునున్న రంధ్రాల్లోంచి దిగి పల్లానికి వెళ్తాయి. పల్లంలో సందు లేకుండా రాయి కట్టేస్తే అదొక చిన్న ఆనకట్టే. పల్లం వైపు ప్రతి మీటరుకీ ఒక కీలును మాలు లేకుండా 10 మి.మీ. ఖాళీగా వదలండి. డస్ట్ కొట్టుకుపోకుండా దాని వెనక నీళ్లు దిగనిచ్చి మట్టిని ఆపే జియోటెక్స్‌టైల్ గుడ్డ పెట్టండి. ఇప్పటికే కట్టేసి ఉంటే, కట్టర్‌తో ఆ కీళ్లలో మాలు తీసేస్తే సరిపోతుంది.

సందులున్నా నీళ్లు కదలకపోతే వాలు చూడండి. పది అడుగులకి అంగుళం పావు తగ్గాలి. వాలు బాగుందంటే తప్పు డస్ట్‌ది. మెత్తని పొడి ఎక్కువున్న క్రషర్ డస్ట్ మూడు నాలుగంగుళాలు పోస్తే సిమెంటులా బిగిసి నీళ్లు తాగదు. అడుగున 3 అంగుళాల కంకర, పైన అంగుళం డస్ట్ చాలు. ఇందుకు మాత్రం గడ్డి తియ్యక తప్పదు, అడ్డదారి లేదు.

అంచు ముడుచుకుంటోంది, చుట్టూ గోధుమరంగు మరకలు

ఉప్పుగాలికి తుప్పు పట్టిన మేకు ఇది. బీచ్ రోడ్డు, లాసన్స్ బే దగ్గర మామూలు ఇనుప మేకులు కొట్టడమంటే డబ్బు పారేసుకోవడమే. ఎస్‌ఎస్ 316 రకం (స్టెయిన్‌లెస్ స్టీలు) వాడండి, ఖరీదు ఎక్కువైనా. రాయికి రెండంగుళాల లోపల, 6 నుంచి 8 అంగుళాలకి ఒకటి చొప్పున కొట్టాలి. పోచల్ని వేళ్లతో పాయగా విడదీసి, మేకు తల గడ్డి అడుగున ఉండే గుడ్డకి ఆనగానే ఆపండి. ఇంకో దెబ్బ వేస్తే గుంట పడి, చుట్టూ పోచలు పడుకుంటాయి. పాత రంధ్రంలో కొత్త మేకు నిలవదు, పక్కన కొట్టండి.

గడ్డి రాయి దాకా రాలేదు

తక్కువగా కోశారు. లాగి సరిపెడితే అవతలి అంచు ఊడుతుంది. నాలుగంగుళాల పీలిక అతికిస్తే అదీ లేస్తుంది. అంచు నుంచి అడుగు వెడల్పు గడ్డి కోసి తీసేసి, ఆ జాగా మొత్తానికి కొత్త ముక్క వేయండి. పోచల వాలు పాతదానితో కలవాలి. కత్తి వెనకవైపు నుంచి, కుట్ల వరసల మధ్యనే నడవాలి. కింద సీమింగ్ టేపు (రెండు ముక్కల్ని కలిపే పట్టీ) వేసి, రెండు భాగాలు కలిపి వాడే పాలీయురేథేన్ గమ్‌తో అతికించండి.

ప్లాస్టిక్ అంచు ఎండాకాలం పాములా వంకర తిరుగుతోంది

కీళ్లలో ఖాళీ వదల్లేదు. రెండున్నర మీటర్ల పీవీసీ పట్టీ 30 డిగ్రీల వేడి పెరిగితే నాలుగైదు మి.మీ. సాగుతుంది. కీలు దగ్గర 5 మి.మీ. కోసేయండి. సరుగుడు కర్రల అంచు అయితే బాగుచేయడం దండగ, చెదలు మళ్లీ వస్తాయి. రాయి పెట్టించండి.

రాయి పక్కన తుంగ మొలుస్తోంది

జియోటెక్స్‌టైల్ గుడ్డ రాయి దాకా రాలేదు. తుంగను గడ్డలతో సహా తవ్వి తీసి, గుడ్డను రాయి లోపలి ముఖం మీదికి రెండంగుళాలు ఎక్కించండి. గడ్డలు మిగిలితే గుడ్డను కూడా పొడుచుకుని వస్తాయి.

డాబా మీద అంచు

డాబా మీద మేకు అసలు కొట్టకూడదు. వాటర్‌ప్రూఫింగ్ చిల్లుపడితే కింద గదిలో చెమ్మ దిగుతుంది. శ్లాబ్‌ని శుభ్రంగా కడిగి, పూర్తిగా ఆరాక అల్యూమినియం ఎల్ పట్టీని పాలీయురేథేన్‌తో అతికించి, గడ్డి అంచును దాని మీద అంటించండి. పట్టీని ఒకే ముక్కగా చుట్టేయకండి. వాననీటి గొట్టం ఉన్న మూల అడుగు మేర ఖాళీ వదిలి, ఆ ముక్క గడ్డిని అంటించకుండా పరచండి. గొట్టం నోట్లో ఆకులు ఇరుక్కున్నప్పుడు ఎత్తి తీసుకోవచ్చు.