స్లో కుక్కర్‌లో చీజ్ రీఫ్రైడ్ బీన్స్ ఎలా చేయాలి?

ఉడికించిన చిక్కుడు జాతి గింజలను కొవ్వులో వేసి, మెత్తగా ఎనుపుతూ, దగ్గరపడేదాకా వేయించి చేసే వంటకాన్ని రీఫ్రైడ్ బీన్స్ అంటారు. మెక్సికోలో పొద్దున్న గుడ్ల పక్కన మొదలుకొని రాత్రి భోజనం దాకా ఏ పూటైనా ఇది పళ్లెంలో కనిపిస్తుంది. ఉత్తరాన సరిహద్దు దాటి టెక్సాస్, న్యూమెక్సికో, అరిజోనాలకు వస్తే అన్నంతో కలిసి దాదాపు ప్రతి మెక్సికన్ హోటల్లోనూ వడ్డిస్తారు. గింజలు ఆ నేలవే, వేల ఏళ్లుగా అక్కడ పండుతున్నవే. వాటిని వేయించే పంది కొవ్వు, పైన చల్లే చీజ్ మాత్రం 16వ శతాబ్దంలో స్పెయిన్ వారు పందులను, ఆవులను తెచ్చిన తరువాతే ఆ వంటింట్లోకి చేరాయి. మెక్సికో ఇళ్లలో చీజ్‌ను సాధారణంగా చివర్లో కొద్దిగా చిదిమి పైన చల్లుతారు. ముద్దలోనే ధారాళంగా కరిగించి కలపడం టెక్స్-మెక్స్ (టెక్సాస్‌లో మెక్సికో, అమెరికా రుచులు కలిసిన వంట) వంటవారి అలవాటు, ఇక్కడ వివరిస్తున్నది ఆ పద్ధతినే.

ఈ వంటకు స్లో కుక్కర్, అంటే తక్కువ వేడి మీద గంటల తరబడి ఉడికించే కరెంటు కుండ, వాడటంలో వింతేమీ లేదు, ఎందుకంటే ఆ పరికరం పుట్టిందే గింజలు ఉడికించడానికి. అమెరికాలో ఇర్వింగ్ నాక్సన్ అనే ఇంజనీరు 1940లో పేటెంటు పొందిన ఈ కుండ మొదట్లో నాక్సన్ బీనరీ అనే పేరుతో అమ్ముడుపోయింది. 1970లో ఆయన వ్యాపారాన్ని కొన్న రైవల్ కంపెనీ మరుసటి ఏడు క్రాక్‌పాట్ అని పేరు మార్చి దాన్ని ఇంటింటికీ చేర్చింది. అయితే గింజల కోసం పుట్టిన పరికరానికే గింజల విషయంలో రెండు పనులు చేతకావు. అది వాటిని తెర్లించలేదు, వేయించనూ లేదు. కనుక మొదట్లో అరగంట, చివర్లో ఓ పావుగంట పొయ్యికి అప్పగించి, మధ్యలోని ఏడెనిమిది గంటలు మాత్రమే కుక్కర్‌కు వదిలిపెట్టాలి. అన్నీ ఒకేసారి పడేసి మూత పెట్టమని చెప్పే వంటకాలు చాలానే ఉన్నాయి గాని, అలా చేసినప్పుడు రుచి తగ్గడం ఒక్కటే కాదు, ప్రమాదం కూడా ఉంది.

కావలసినవి

ఆరేడుగురికి సరిపడా చేయాలంటే 450 గ్రాముల పింటో గింజలు, రెండు పెద్ద ఉల్లిపాయలు, ఆరు వెల్లుల్లి రెబ్బలు, రెండు హాలపీన్యో మిరపకాయలు, ఒక టీస్పూను జీలకర్ర పొడి, నాలుగు టేబుల్ స్పూన్ల నూనె, రెండు టీస్పూన్ల ఉప్పు, 200 గ్రాముల చీజ్ కావాలి. కుక్కర్ నాలుగు లీటర్లకు తగ్గకుండా ఉండాలి. పింటో గింజలు లేత గోధుమరంగు మీద ఎర్రమచ్చలతో ఉంటాయి, ఉడికాక ఆ మచ్చలు పూర్తిగా కలిసిపోతాయి. హైదరాబాద్, విజయవాడ దుకాణాల్లో చిత్రా రాజ్మా పేరుతో దొరికేవి వీటికి చాలా దగ్గర. ముదురు ఎర్ర రాజ్మాతోనూ చేయవచ్చు గాని దాని తొక్క మందం కాబట్టి ముద్ద అంత నున్నగా రాదు. వెరాక్రూజ్, ఓహాకా వంటి దక్షిణ ప్రాంతాల్లో నల్ల గింజలతో చేస్తారు, ఆ రుచి వేరు. హాలపీన్యో దొరకకపోతే మన పచ్చిమిర్చి రెండు చాలు. మెక్సికోలో గింజలతో పాటు వేసే ఎపజోటే అనే ఘాటైన ఆకు దొరికితే ఒక రెమ్మ వేయాలి. దొరకనప్పుడు దాని స్థానంలో కొత్తిమీర వేయడం కంటే మానేయడమే మేలు.

సంప్రదాయంగా వాడేది పంది కొవ్వు. శాకాహారులు నూనె వాడుకోవచ్చు, నూనెలో ఒక చెంచా నెయ్యి కలిపితే ఇంకా బాగుంటుంది. డాలస్, హ్యూస్టన్ వంటి ఊళ్లలో ఉంటూ డబ్బాల్లో అమ్మే రీఫ్రైడ్ బీన్స్ కొనే మన శాకాహారులు ఒక సంగతి గమనించాలి: సంప్రదాయ రకం అని రాసి ఉన్న డబ్బాల్లో చాలావాటిలో పంది కొవ్వు ఉంటుంది, కాబట్టి శాకాహారమని స్పష్టంగా ముద్రించినవే తీసుకోవాలి. చీజ్ చేయడానికి పాలను విరగ్గొట్టే రెన్నెట్ కూడా కొన్నిటిలో దూడ కడుపు నుంచి తీసినదై ఉంటుంది కనుక ఆ పొట్లం మీది వివరాలనూ చదవాలి.

నానబెట్టడం, తెర్లించడం

గింజలను పళ్లెంలో పరిచి రాళ్లు, ముడుచుకుపోయిన గింజలు ఏరేసి, కడిగి, నాలుగు వేళ్ల ఎత్తు నీళ్లు పోసి రాత్రంతా నానబెట్టాలి. ఆ నీళ్లలో ఒక టేబుల్ స్పూను ఉప్పు వేస్తే తొక్క మెత్తబడుతుంది. ఉప్పు వేస్తే గింజ ఉడకదన్న మాట నిజం కాదు. ఉడకనివ్వనిది నీళ్లలోని సున్నం. బోరు నీళ్లు వాడే ఇళ్లలో గంటల తరబడి ఉడికినా గింజలో పలుకు మిగిలిపోవడానికి ఇది ఒక కారణం. అటువంటి చోట మంచినీళ్లు వాడి, పావు టీస్పూను వంటసోడా కలపాలి. ఏళ్ల తరబడి డబ్బాలో నిల్వ ఉన్న గింజలను మాత్రం ఏ ఉపాయమూ కాపాడదు.

మర్నాడు నానిన నీళ్లు పారబోసి, గింజలను మళ్లీ కడిగి, వెడల్పాటి గిన్నెలో కొత్త నీళ్లు పోసి పొయ్యి మీద పెట్టాలి. నీళ్లు పెద్ద బుడగలతో తెర్లడం మొదలైనప్పటి నుంచి లెక్కపెట్టి, మంట తగ్గించకుండా అరగంట ఉంచాలి. సమయం కలిసొస్తుందని ఈ మెట్టును దాటవేయరాదు. రాజ్మా, పింటో వంటి గింజల్లో ఫైటోహీమాగ్లుటినిన్ అనే సహజ విషపదార్థం ఉంటుంది. ఎర్ర రాజ్మాలో అది ఎక్కువ, పింటోలో తక్కువ. అయినా జాతి ఒక్కటే కాబట్టి జాగ్రత్తా ఒక్కటే. ఎర్ర రాజ్మా అయితే పచ్చివి లేదా సరిగా ఉడకనివి నాలుగైదు గింజలు తిన్నా చాలు, ఒకటి నుంచి మూడు గంటల లోపల వికారం, తీవ్రమైన వాంతులు, ఆపైన విరేచనాలు మొదలవుతాయి. నూరు డిగ్రీల వద్ద పది నిమిషాలు తెర్లితే ఈ పదార్థం నశిస్తుంది. అయితే అమెరికా ఆహార, ఔషధ నియంత్రణ సంస్థ వారు జాగ్రత్త కోసం అరగంట తెర్లించమని సూచిస్తున్నారు.

స్లో కుక్కర్‌లో చేసిన వంటల లోపలి వేడి చాలాసార్లు 75 డిగ్రీలు దాటలేదని పరీక్షల్లో తేలింది. విచిత్రమేమిటంటే, 80 డిగ్రీల దాకా మాత్రమే వేడెక్కిన గింజలు పచ్చివాటికన్నా అయిదు రెట్లు ఎక్కువ హాని చేయగలవు. గింజ మెత్తబడితే విషం పోయినట్టేనని అనుకోవడం అందుకే పొరపాటు, తక్కువ వేడి మీద ఎనిమిది గంటలు ఉంచితే మెత్తబడనైతే మెత్తబడుతుంది. ప్రెషర్ కుక్కర్‌కు ఈ చిక్కు లేదు, అందులో వేడి నూరు డిగ్రీలను మించుతుంది.

కుక్కర్‌లో ఉడికించడం

అరగంట తెర్లిన గింజల నీళ్లు వంపేసి, వాటిని స్లో కుక్కర్ గిన్నెలోకి మార్చి, ఒక ఉల్లిపాయను నాలుగు చెక్కలు చేసి, మూడు వెల్లుల్లి రెబ్బలు, ఒక టీస్పూను ఉప్పు జతచేసి, గింజల పైన రెండంగుళాల ఎత్తు దాకా మరుగుతున్న నీళ్లు పోయాలి. చన్నీళ్లు పోస్తే కుక్కర్ వేడెక్కడానికే గంటకు పైగా పోతుంది. గిన్నె సగానికి తగ్గకుండా, మూడింట రెండు వంతులకు మించకుండా నిండి ఉండాలి. తక్కువ వేడి మీద ఏడెనిమిది గంటలు, ఎక్కువ వేడి మీద నాలుగైదు గంటలు పడుతుంది. మధ్యలో మూత తీయరాదు, తీసిన ప్రతిసారీ పోయిన వేడి మళ్లీ కూడుకోవడానికి ఇరవై, ముప్ఫై నిమిషాలు పడుతుంది. టొమాటో, నిమ్మరసం వంటి పులుపు ఏదీ ఈ దశలో వేయకూడదు, పులుపు తగిలితే గింజ బిగుసుకుపోతుంది.

ఇంట్లో ఎవరూ లేనప్పుడు కరెంటు పోయి, ఎంతసేపు పోయిందో తెలియకపోతే, చూడటానికి బాగానే ఉన్నా ఆ గింజలను పారేయాలి. అమెరికా నుంచి వస్తూ ఈ కుక్కర్‌ను సామానులో తెచ్చుకునేవారికి ఇంకొక మాట: అది 120 వోల్టులకు తయారైనది, మన ప్లగ్గులో వచ్చేది 230. వోల్టేజీ తగ్గించే తగిన ట్రాన్స్‌ఫార్మర్ లేకుండా పెడితే దాని తీగలో దాదాపు నాలుగింతల వేడి పుట్టి అది కాలిపోతుంది.

ఉడికిందో లేదో చూడటానికి గిన్నెలో వేర్వేరు చోట్ల నుంచి అయిదారు గింజలు తీసి, నాలుకతో అంగిటికి నొక్కి చూడాలి. అన్నీ పలుకు లేకుండా నలగాలి. చెంచాలోని గింజ మీద ఊదితే తొక్క చిట్లి వెనక్కి ముడుచుకోవాలి. ఒక్క గింజ గట్టిగా తగిలినా మరో అరగంట ఉంచాలి, ఎందుకంటే వేయించేటప్పుడు పలుకు మెత్తబడదు.

వేయించి ఎనపడం

గింజలను వడకట్టి, ఉడికిన నీళ్లు రెండు కప్పులు విడిగా ఉంచుకోవాలి. ఆ నీళ్లు పారబోసి పాలో మామూలు నీళ్లో పోస్తే ముద్ద చప్పగా ఉంటుంది. అడుగు మందంగా ఉన్న బాణలిలో నూనె కాగాక, రెండో ఉల్లిపాయను సన్నగా తరిగి వేసి, అంచులు బంగారు రంగుకు తిరిగేదాకా వేయించి, మిగిలిన వెల్లుల్లి, మిరపకాయ తరుగు వేసి, పచ్చివాసన పోయాక జీలకర్ర పొడి చల్లాలి. అది మాడకముందే సగం గింజలు, అరకప్పు నీళ్లు వేసి, పప్పుగుత్తితో ఎనపాలి. తరువాత మిగిలిన సగం వేయాలి. మిక్సీలో వేస్తే ముద్ద జిగురుగా మారుతుంది గనుక పప్పుగుత్తే సరైన పనిముట్టు, అక్కడక్కడ సగం నలిగిన గింజలు తగిలితేనే తినడానికి బాగుంటుంది. ఎనుపుతూ, కొద్దికొద్దిగా నీళ్లు చిలకరిస్తూ, మధ్యస్థమైన మంట మీద పది నిమిషాలు వేయించాలి. అట్లకాడతో ముద్దను చీల్చినప్పుడు బాణలి అడుగు కనిపించి, ఆ చాలు నెమ్మదిగా మూసుకుంటే సరైన పాకం. చల్లారాక ఇంకా గట్టిపడుతుంది, కాబట్టి దింపేటప్పుడు కొంచెం జారుగా ఉండటమే మంచిది.

చీజ్ కలపడం

ముద్దను తిరిగి స్లో కుక్కర్‌లోకి తీసి, వెచ్చగా ఉంచే మీటకు మార్చి, అయిదు నిమిషాలు ఆగాలి. పొంగుతున్న ముద్దలో చీజ్ వేస్తే అందులోని మాంసకృత్తులు బిగుసుకుని తీగలు కడతాయి, కొవ్వు విడిపోయి పైకి నూనెలా తేలుతుంది. కాలిఫోర్నియాలో పుట్టిన మాంటెరే జాక్ గాని, ఎక్కువ కాలం పండించని చెడ్డార్ గాని, ఆ రెండూ సగం సగం గాని వాడవచ్చు. పెద్ద ముక్క కొని ఇంట్లో తురుముకోవాలి, తురిమి పొట్లాల్లో అమ్మేదానికి అంటుకోకుండా పిండిపదార్థం పట్టించి ఉంటుంది కనుక అది నున్నగా కరగదు. తురుమును మూడు విడతలుగా వేస్తూ, ఒక విడత పూర్తిగా కనిపించకుండా పోయాకే రెండోది వేయాలి. నూనె తేలినట్టు కనిపిస్తే కుక్కర్ ఆపి, దాచి ఉంచిన నీళ్లు వేడిగా రెండు చెంచాలు పోసి గబగబా కలిపితే చాలావరకు సర్దుకుంటుంది.

మన దగ్గర సులువుగా దొరికే ప్రాసెస్డ్ చీజ్ ఇందులో బాగా ఒదుగుతుంది. విడిపోకుండా ఉండే లవణాలు అందులో ముందే ఉంటాయి, అయితే ఉప్పగా ఉంటుంది గనుక మిగిలిన ఉప్పును రుచి చూసి మాత్రమే వేయాలి. మోజరెల్లా సాగుతుంది గాని రుచినివ్వదు. పులుపుతో విరగ్గొట్టి చేసే పనీర్ ఎంత వేడికీ కరగదు. చివర్లో ఒక చెంచా నిమ్మరసం పిండితే చీజ్ బరువు కొంత తేలికపడుతుంది.

వడ్డించడం, నిల్వ ఉంచడం

మొక్కజొన్న చిప్స్‌తో, టాకోల్లో (మడిచిన మెక్సికో రొట్టెల్లో), అన్నం పక్కన దీన్ని వేడివేడిగా తింటారు. జొన్నరొట్టెతోనూ చక్కగా కుదురుతుంది. మిగిలినదాన్ని రెండు గంటల లోపు వెడల్పాటి గిన్నెల్లో పలచగా పరిచి ఫ్రిజ్‌లో పెట్టాలి. లోతైన గిన్నెలో పెడితే మధ్యభాగం చాలాసేపు వేడిగానే ఉండి పాడవుతుంది. ఫ్రిజ్‌లో మూడు, నాలుగు రోజులు, ఫ్రీజర్‌లో రెండు మూడు నెలలు ఉంటుంది. ఫ్రీజర్ కోసం చేసేటప్పుడు చీజ్ కలపకముందే కొంత విడిగా తీసి ఉంచుకోవడం నయం. మళ్లీ వేడి చేయడానికి స్లో కుక్కర్ పనికిరాదు, అది వేడెక్కే లోపలే సూక్ష్మజీవులు పెరుగుతాయి. బాణలిలో కొద్దిగా నీళ్లు పోసి, సన్నమంట మీద అడుగంటకుండా కలుపుతూ, మధ్యలో కూడా పొగలు వచ్చేదాకా వేడి చేసి, చీజ్ వేయనిదైతే దింపాక అప్పుడు కలపాలి.