మేకుల లిపిలో మహారాజు – 4వ పాఠం: గుమ్మం మీది పేరు

ముందు కిందటి పాఠం హోంవర్క్ సంగతి చూద్దాం. ఇరాన్‌లోని నక్ష్-ఎ-రుస్తంలో ప్రాచీన పారశీక చక్రవర్తి డేరియస్ సమాధి మీద చెక్కిన దేశాల జాబితాలోంచి హ-ఇ-దు-ఉ-ష అనే ఐదు గుర్తులిచ్చి చదవమన్నాను. 'హిదుష్' అని చదివినవాళ్లకు సగం మార్కులు. అసలు మాట 'హిందుష్'. అంటే మన సింధు ప్రాంతం.

మరి సున్నా ఏదీ? లేదు. పాత పారశీక లిపిలో హల్లుకు ముందు వచ్చే సున్నా రాయరు, పలుకుతారంతే. మొదటిసారి నేనూ ఈ మాట దగ్గర ఒక పూటంతా చతికిలబడ్డాను. 'హిదు'తో మొదలయ్యే దేశం ఏదా అని మ్యాపు మీద వెతుక్కున్నాను, ఆ దేశం మన పక్కనే ఉందని తట్టనే లేదు. కాబట్టి నోట్‌బుక్ మొదటి పేజీలో రాసుకోండి: రాయి మీద సున్నా లేదంటే నోట్లో లేదని కాదు.

రెండో సంగతి, సింధు హిందు ఎలా అయింది? సంస్కృతంలో అచ్చుకు ముందు 'స' ఉన్నచోట పారశీకంలో చాలాసార్లు 'హ' వస్తుంది. అసుర – అహుర, సఖా – హఖా. ఈ ఒక్క సూత్రంతో ఈరోజు సగం పని అయిపోతుంది.

మొదటిసారి చూస్తున్నవాళ్ల కోసం లిపి సంగతి నాలుగు ముక్కల్లో. ఇరాన్‌లో దీన్ని ఖత్తె మీఖీ అంటారు, అంటే మేకుల లిపి. మన 'మేకు' కూడా ఆ 'మీఖ్' నుంచి వచ్చినదే. ఎడమ నుంచి కుడికి రాస్తారు. ధ్వనుల గుర్తులు 36. ఒక్కో గుర్తులో రెండు నుంచి ఐదు మేకులుంటాయి, అవి ఒకదాన్నొకటి అడ్డంగా కోసుకోవు. మాటకూ మాటకూ మధ్య ఒక ఏటవాలు మేకు. హల్లుల గుర్తుల్లో చాలావాటికి మన క, చ, త లాగే 'అ' కలిసే ఉంటుంది, దు, వి లాంటి కొన్నిటికి 'ఉ' లేదా 'ఇ'. అందుకే రోమన్ లిపిలో ఆలోచించేవాళ్ల కంటే మనకు ఇది తొందరగా పట్టుబడుతుంది. చిక్కల్లా ఏమిటంటే, వాళ్లకు వత్తుల్లేవు, పొల్లు లేదు. 'ఖ్షా' అని రాయాలంటే ఖ, ష, ఆ అని మూడు గుర్తులు పక్కపక్కన పేరుస్తారు. చివరి 'ష' ను ష అనాలో ష్ అనాలో లిపి చెప్పదు, వ్యాకరణం చెబుతుంది.

ఇక పారశీక చక్రవర్తుల రాజధాని పర్సెపోలిస్‌కు వెళదాం. షీరాజ్‌కు ఈశాన్యంగా, ఇరానీయులు తఖ్తె జంషీద్ అని పిలిచే చోట, ఎత్తయిన రాతి తిన్నె మీద డేరియస్ సొంత భవనం ఉంది. రాళ్లు ఎంత నునుపంటే దానికి అద్దాల మందిరం అని పేరు పడింది. దాని గుమ్మాల పక్కరాయి మీద రాజు బయటికి నడిచి వస్తున్నట్టు చెక్కారు. చేతిలో పొడవాటి దండం. వెనక ఇద్దరు సేవకులు, ఒకడు గొడుగు పట్టాడు, ఇంకొకడు రాజు తల మీదుగా విసురుతున్నాడు. ఛత్రచామరాలన్న మాట మనకు కొత్త కాదు కదా! సేవకులిద్దరూ రాజు కంటే పొట్టిగా ఉంటారు. అది వాళ్ల ఒడ్డూ పొడుగూ కాదు, వాళ్ల హోదా.

ఆ బొమ్మ పైన మూడు భాషల్లో రాత ఉంది. పాత పారశీకం, ఎలామైట్, బాబిలోనియన్. మనకు కావలసింది మొదటిది.

మొదటి మాట: ద-ఆ-ర-య-వ-ఉ-ష. ఏడు గుర్తులు. ద పక్కన ఆ ఉంది కాబట్టి దా. ర, య, వ ఉన్నవి ఉన్నట్టే. తర్వాత ఉ. చివరిది పొల్లు: దారయవఉష్. గ్రీకుల నోట్లో పడి ఇదే డేరియస్ అయింది. 'దారయ' అంటే మన ధారయ, పట్టి నిలిపేవాడు. 'వఉ' అసలు 'వహు', సంస్కృతంలో వసు, అంటే మంచి. స – హ సూత్రం ఇక్కడా పనిచేసింది, పైగా 'ఉ'కు ముందున్న హ ను రాయకుండా మింగేశారు. మంచిని నిలబెట్టేవాడు అని పేరు. సంస్కృతంలోకి తిప్పితే ధారయద్వసు. వేదపాఠశాలలో కూర్చోబెట్టినా ఎవరూ అనుమానించరు.

రెండో మాట: ఖ-ష-ఆ-య-థ-ఇ-య. ఇదీ ఏడు గుర్తులే. ఖ ను హైదరాబాదీలు 'ఖబర్' అన్నప్పటిలా గొంతులోంచి పలకండి. థ 'థాంక్స్'లోది, కథలోది కాదు. ఖ్షాయథియ, అంటే రాజు. మన క్షత్రియ పుట్టిన ధాతువే ఇదీ. ఈ పొడవాటి మాట శతాబ్దాల మీద అరిగి అరిగి 'షా' అయింది. గోల్కొండ కుతుబ్ షాహీల పేర్లలో ఉన్నది ఇదే షా.

మూడోది: వ-జ-ర-క. వజ్రక. ఇక్కడ జ 'జూపార్కు'లో జ. గొప్ప, పెద్ద అని అర్థం. వజ్రంతో చుట్టరికం కలపాలని చేయి దురద పెడుతుంది, తొందరపడకండి. ఇది తర్వాతి పారసీలో 'బుజుర్గ్' అయింది. ఆదిలాబాద్ వైపు ఊళ్ల పేర్ల చివర (బి), (కె) అని చూసే ఉంటారు. అవి బుజుర్గ్, ఖుర్ద్, అంటే పెద్ద ఊరు, చిన్న ఊరు. రెండున్నర వేల ఏళ్ల కిందటి రాజు బిరుదు మన బస్సు బోర్డు మీద ఒక్క అక్షరమై మిగిలింది.

తర్వాత: ఖ్షాయథియ ఖ్షాయథియానామ్. 'ఆనామ్' చూడగానే 'దేవానాం' గుర్తుకు రావాలి. రాజుల యొక్క రాజు. షాహెన్షా అన్న మాటకు మూలం ఈ జంటే. ఆ వెంటనే ఖ్షాయథియ దహ్యూనామ్, దేశాల రాజు. 'దహ్యు' మళ్లీ మన సూత్రమే, దస్యు. మనకు దస్యుడంటే దొంగ, శత్రువు. వాళ్లకు దేశం! పారసీలో అదే 'దేహ్' (ఊరు) అయింది, దేహాతీ అన్న మాట అక్కడిదే.

తర్వాతి మాట కాస్త పొడవు: వి-ఇ-ష-త-ఆ-స-ప-హ-య-ఆ. ఊపిరి బిగబట్టి చదవండి: విష్తాస్పహ్యా. 'అస్ప' అంటే అశ్వం, మన 'శ్వ' వాళ్ల నోట్లో 'స్ప'. చివరి 'హ్యా' ఏమిటి? రామస్య, కృష్ణస్యలో 'స్య'. స పోయి హ వచ్చింది, అంతే. విష్తాస్పుని యొక్క. ఆ పక్కన ప-ఉ-స, పుస. పుత్ర అన్నమాట. మన 'త్ర' చోట వాళ్లకు స లాంటి ధ్వని ఒకటి వస్తుంది. క్షత్ర కూడా అలాగే ఖ్షస అయింది. రాజ్యాన్ని కాపాడేవాడు ఖ్షసపావన్, చక్రవర్తి కింద రాష్ట్రాన్ని ఏలే అధికారి. ఆ బిరుదే మన దేశంలోకి క్షత్రపగా వచ్చింది. గౌతమీపుత్ర శాతకర్ణి ఓడించిన నహపానుడు ఆ బిరుదున్న వంశంవాడే.

చివరగా హ-ఖ-ఆ-మ-న-ఇ-ష-ఇ-య, హఖామనిషియ: హఖామనిష్ వంశంవాడు. హఖా అంటే సఖా అని పైనే చెప్పాను, 'మనిష్'లో ఉన్నది మనసే. గ్రీకులు దీన్ని అకమెనిడ్ చేశారు. మిగిలిన ముక్క 'హ్య ఇమమ్ తచరమ్ అకునఉష్', ఈ తచరాన్ని ఎవరు చేశాడో అతను, అంటే ఈ భవనాన్ని కట్టించినవాడు. 'ఇమమ్' అచ్చంగా సంస్కృతమే.

ఇప్పుడు ఒక్కసారి అంతా కలిపి పైకి చదవండి. లోపల్లోపల కాదు, పైకి:

దారయవఉష్ ఖ్షాయథియ వజ్రక ఖ్షాయథియ ఖ్షాయథియానామ్ ఖ్షాయథియ దహ్యూనామ్ విష్తాస్పహ్యా పుస హఖామనిషియ హ్య ఇమమ్ తచరమ్ అకునఉష్.

ఈ వాక్యంలో ఒక మాట లేదు. అనువాదం చదివినన్నాళ్లూ నాకది కనబడలేదు, గుర్తు గుర్తూ కూడబలుక్కుంటే కనబడింది. విష్తాస్పుడి పక్కన ఖ్షాయథియ ఏదీ? తన గురించి మూడుసార్లు రాజు, రాజు, రాజు అని చెక్కించుకున్నవాడు తండ్రిని ఒక్కసారి కూడా రాజు అనలేదు.

ఎందుకంటే తండ్రి రాజు కాడు. క్రీ.పూ. 522లో, సామ్రాజ్యాన్ని స్థాపించిన సైరస్ కొడుకు, అప్పటి రాజు కాంబిసెస్ చనిపోయాడు. గద్దె మీద ఉన్నవాడు సైరస్ రెండో కొడుకు బర్దియ కాదు, గౌమాత అనే మాయగాడు అని చెప్పి, డేరియస్ తన మనుషులతో కలిసి అతన్ని చంపి రాజయ్యాడు. నిజంగా మాయగాడేనా, లేక అసలు బర్దియనే చంపారా అని చరిత్రకారులు ఇప్పటికీ వాదించుకుంటున్నారు. నాకైతే డేరియస్ మాట మీద పెద్ద నమ్మకం లేదు. ఇరాన్‌లోని బెహిస్తున్ కొండ మీద 'మా వంశంలో నాకు ముందు ఎనిమిది మంది రాజులు, నేను తొమ్మిదోవాణ్ణి' అని చెక్కించాడు. మరో రాజధాని సూసాలోని శాసనంలో మాత్రం, దేవుడు అహురమజ్దా నన్ను రాజును చేసినప్పుడు మా నాన్న విష్తాస్పుడు, మా తాత అర్షాముడు ఇద్దరూ బతికే ఉన్నారు అన్నాడు. తాతా తండ్రీ ఉండగా మనవడికి పట్టం! వారసత్వంగా వచ్చిన గద్దె అయితే అలా జరుగుతుందా?

ఆ లోటును పూడ్చడానికి పెళ్లిళ్లు చేసుకున్నాడు. సైరస్ కూతుళ్లు అటోస్సా, ఆర్టిస్టోన్ ఇద్దరూ అతని రాణులయ్యారని గ్రీకు చరిత్రకారుడు హెరొడోటస్ రాశాడు. ఈ ఆర్టిస్టోన్ మనకు ఇంకోచోట కూడా దొరుకుతుంది. 1933-34లో పర్సెపోలిస్ కోటగోడలో వేలకొద్దీ మట్టి పలకలు బయటపడ్డాయి. ఆస్థానం చిట్టా పద్దులు అవి: ఎవరికి ఎంత పిండి, ఎంత సారాయి, ఎన్ని గొర్రెలు. వాటిలో ఆమె పేరు ఇర్తష్దున. ఆమెకు 200 మర్రిష్‌ల ద్రాక్షసారా ఇవ్వమని రాజుగారి ఆజ్ఞ అంటూ ఉన్నతాధికారి పర్నక పంపిన చీటీ ఉంది. మర్రిష్ అంటే సుమారు పది లీటర్లు, వెరసి రెండు వేల లీటర్లు. మరో చీటీలో నూరు గొర్రెలు. రాణిగారింట్లో ఎంత పెద్ద విందో ఊహించుకోండి.

ఒక చిత్రం ఏమిటంటే, ఆ పలకలు దాదాపు అన్నీ ఎలామైట్‌లోనే. పాత పారశీకంలో దొరికింది ఒకే ఒక్కటి. మనం నేర్చుకుంటున్న లిపి ఆఫీసు పనికి కాదు, రాజు గొప్ప చెప్పుకోవడానికి. అదే భవనంలో కిటికీ చట్రాల మీద కూడా 'డేరియస్ రాజు ఇంట చేసిన రాతి కిటికీ చట్రం' అని చెక్కించాడు, ఒకటి కాదు, 18 చోట్ల. మనవాళ్లు స్టీలు గిన్నెల మీద పేర్లు కొట్టించుకున్నట్టు.

తండ్రి పక్కన 'రాజు' లేకపోవడమే ఈ లిపికి తాళంచెవి అయింది. 1765లో కార్‌స్టెన్ నీబూర్ అనే యాత్రికుడు పర్సెపోలిస్ రాతల్ని నకలు తీసుకెళ్లాడు. 1802లో గ్రోటెఫెండ్ అనే 27 ఏళ్ల జర్మన్ బడిపంతులు వాటిలో రెండింటిని పక్కపక్కన పెట్టుకున్నాడు. ఒకటి మన గుమ్మం రాత, రెండోది డేరియస్ కొడుకు జెర్క్సిస్ వేయించింది. ఒకదానిలో మొదటి పేరు రెండోదానిలో తండ్రి పేరుగా వస్తోంది, అక్కడ తండ్రికి 'రాజు' ఉంది, ఇక్కడ లేదు. తాత రాజు కాదు, కొడుకూ మనవడూ రాజులు. అలాంటి వరస ఎవరిది? సైరస్, కాంబిసెస్ కాదనుకున్నాడు, ఆ పేర్లు రెండూ ఒకే అక్షరంతో మొదలవుతాయి, రాతిమీది పేర్లు అలా లేవు కాబట్టి. నిజానికి పారశీకంలో అవి కూరుష్, కబూజియ. 'కు'కు ఒక గుర్తు, 'క'కు వేరే గుర్తు! లెక్క తప్పు, జవాబు మాత్రం రైటు. పరీక్షల్లో ఇలాంటి అదృష్టం మనకెప్పుడూ పట్టదు.

ఈ వారం పని రెండు భాగాలు.

మొదటిది చేత్తో. చపాతీ పిండి ముద్దను అరచేతి మందాన చదును చేసి, ఐస్‌క్రీం పుల్ల మూలను ఏటవాలుగా నొక్కండి. తల వెడల్పుగా, తోక సన్నగా మేకు పడుతుంది. పుల్లను నొక్కి ఎత్తాలి, లాగకూడదు. లాగితే గీత పడుతుంది, మేకు పడదు. మూడు నిలువు మేకులు పక్కపక్కన, వాటి నెత్తిన ఒక అడ్డమేకు: అది 'అ'. అది కుదిరాక గుర్తుల పట్టిక దగ్గర పెట్టుకుని దారయవఉష్ ఏడు గుర్తులూ వేయండి. పిండిలో నూనె ఎక్కువైతే అంచులు మూసుకుపోతాయి, గట్టిగా కలపండి.

రెండోది నోట్‌బుక్‌లో. జెర్క్సిస్ రాత ఇది: ఖ్షయార్షా ఖ్షాయథియ వజ్రక ఖ్షాయథియ ఖ్షాయథియానామ్ దారయవహఉష్ ఖ్షాయథియహ్యా పుస హఖామనిషియ. మొదటి పేరును గుర్తులుగా విడగొట్టండి, అవీ ఏడే రావాలి. తర్వాత 'దారయవహఉష్' దగ్గర ఆగండి. పేరులో మింగేసిన హ ఇక్కడ మళ్లీ ఎందుకు తేలిందో ఒక వాక్యంలో రాయండి. విభక్తి మారిందని మాత్రం క్లూ ఇస్తాను.

ఐదో పాఠంలో 'రాజు' అనే ఏడు గుర్తుల మాటను చెక్కీ చెక్కీ విసిగిపోయి శిల్పులు వాడిన ఒంటి గుర్తు చూద్దాం.