మీ తాతగారు ఏ సినిమాలో వేశారో తేల్చుకోవడం ఎలా

"మా తాతగారు పాత సినిమాల్లో వేశారండీ" అని చెప్పే కుటుంబాలు గుంటూరు, తెనాలి, బెజవాడ చుట్టుపక్కల చాలానే ఉన్నాయి. ఏ సినిమా, ఏ వేషం అని అడిగితే మాత్రం ఒకరి మొహం ఒకరు చూసుకుంటారు. హీరోల గురించి ఎవరో ఒకరు రాసే ఉంటారు. మంత్రి, మామగారు, పురోహితుడు, యముడు వేసినవాళ్ళ సంగతి మనమే తవ్వుకోవాలి. నేను బెజవాడ గాంధీనగర్‌లో ఒక సినిమా డిస్ట్రిబ్యూషన్ ఆఫీసు తరఫున రిప్రజెంటేటివ్‌గా ఫిల్మ్ పెట్టెల వెంట ఊరూరా తిరిగినవాణ్ణి. అందుకని ఇలాంటివాళ్ళు నన్ను వెతుక్కుంటూ వస్తుంటారు. వాళ్ళకు చెప్పేదే ఇది.

ముందు సినిమా మాట పక్కన పెట్టి నాటకం దగ్గర మొదలుపెట్టండి. తొలి టాకీల నాటికి ప్లేబ్యాక్ లేదు. ఎవరి పద్యం వాళ్ళే కెమెరా ముందు పాడుకోవాలి. గొంతు ఉన్నవాళ్ళు నాటకాల్లోనే దొరికేవాళ్ళు. వేమూరి గగ్గయ్య గారినే చూడండి. మైలవరం నాటక కంపెనీలో పేరు తెచ్చుకుని, 1933లో సావిత్రిలో యముడు, 1935లో శ్రీకృష్ణ లీలల్లో కంసుడు వేశారు. కాబట్టి ఇంట్లో పెద్దవాళ్ళను "ఏ సినిమా?" అని అడక్కండి. "ఏ వేషానికి పేరు?" అని అడగండి. సినిమా పేరు మర్చిపోయిన మామ్మగారు కూడా మీసం, గద, కిరీటం గుర్తుపెట్టుకునే ఉంటుంది. వృత్తి ఏమిటో కూడా అడగండి. గోవిందరాజుల సుబ్బారావు గారు తెనాలిలో వైద్యం చేసేవారు. 1938 మాలపిల్లలో సుందరరామశాస్త్రి, 1955 కన్యాశుల్కంలో లుబ్ధావధాన్లు ఆయనే. ఇలాంటివాళ్ళ ఆనవాళ్ళు నాటక సమాజంలో దొరక్కపోయినా వృత్తి తాలూకు కాగితాల్లో దొరుకుతాయి.

నాటకం కరపత్రం దొరికితే అదృష్టమే, కానీ జాగ్రత్తగా చదవాలి. కాంట్రాక్టు నాటకమైతే కాంట్రాక్టరు ఒక ఊరి నుంచి కృష్ణుణ్ణి, ఇంకో ఊరి నుంచి అర్జునుణ్ణి ఆ ఒక్క రాత్రికి పిలిపిస్తాడు. ఒకే వేషాన్ని ఇద్దరు ముగ్గురు పంచుకోవడం కూడా మామూలే. అందుకని ఒక్క కరపత్రం చూసి ఫలానా సమాజం నటుడు అని రాసేయకండి.

ఇక పాటల పుస్తకం. నా దృష్టిలో దీన్ని మించిన సాక్ష్యం లేదు. హాల్లో అణాల లెక్కన అమ్మిన ఆ పలచటి పుస్తకంలో కథ, పాటలతో పాటు వేషం పేరు, దానికెదురుగా నటుడి పేరు ఉంటాయి. మన తొలి తెలుగు టాకీ, 1932 నాటి భక్త ప్రహ్లాద ప్రింటే ఇవాళ లేదు. ఆ కాలపు సినిమాలు చాలావాటికి కాగితమే మిగిలింది. బెజవాడ ఏలూరు రోడ్డులో లెనిన్ సెంటర్ దగ్గర పాత పుస్తకాల షాపులవాళ్ళకు చెప్పి ఉంచండి. గుంటూరులో అయితే బృందావన్ గార్డెన్స్‌లోని అన్నమయ్య గ్రంథాలయంలో పాత పత్రికలు అడిగి చూడండి.

ఇక్కడే చాలామంది తికమకపడతారు. 1936లో ద్రౌపది కథతో రెండు సినిమాలు వచ్చాయి. ద్రౌపదీ వస్త్రాపహరణంలో కృష్ణుడు సి.ఎస్.ఆర్. ఆంజనేయులు, దుర్యోధనుడు యడవల్లి సూర్యనారాయణ. ద్రౌపదీ మానసంరక్షణంలో కృష్ణుడు బందా కనకలింగేశ్వరరావు, దుర్యోధనుడు బళ్ళారి రాఘవ. మీ తాతగారు "ద్రౌపది సినిమాలో" వేశారంటే ఏ ద్రౌపదో తేలాలి. మాయాబజార్ సంగతీ అంతే, 1936లో ఒకటి, 1957లో ఒకటి. పేరు, ఏడాది, వేషం మూడూ కలిస్తేనే నమ్మండి. ఇంటిపేరు లేకుండా "సుబ్బారావు" అని మాత్రమే ఉంటే, ఆ కాలంలో ఎంతమంది సుబ్బారావులో మీకు తెలియంది కాదు.

ఏడాది విషయంలో కుటుంబం చెప్పేది వినండి, రాసుకోండి, కానీ ఖాయం చేయకండి. భక్త ప్రహ్లాద 1931 సెప్టెంబరు 15న విడుదలైందని ఎన్నో ఏళ్ళు అందరం చెప్పుకున్నాం. సినిమా చరిత్ర పరిశోధకులు రెంటాల జయదేవ గారు పాత రికార్డులు తిరగేసి అది 1932 ఫిబ్రవరి 6 అని తేల్చారు. అంత పేరున్న సినిమాకే ఈ గతి పడితే, చిన్న వేషం సంగతి చెప్పక్కర్లేదు. పత్రికలో ప్రకటన చూడనిదే తేదీ వేయొద్దు.

గ్రామఫోన్ ప్లేట్లు దొరికితే వినండి గానీ, వాటినిబట్టి గాత్రానికి తీర్పు చెప్పకండి. ఒక వైపు మూడు నిమిషాలే పడుతుంది. స్టేజీ మీద రాగం తీసి, వన్స్ మోర్‌లు అందుకుంటూ సాగిన పద్యం అక్కడ గబగబా ముగిసిపోతుంది.

వేషాలన్నీ పోగయ్యాక ఏడాది ప్రకారం వరసగా పెట్టుకోండి. మొదట నాయకుడు, తర్వాత తండ్రి, ఆ తర్వాత మంత్రి కనిపిస్తే "పాపం, దిగిపోయాడు" అనడం మనవాళ్ళకు అలవాటు. నేను ఒప్పుకోను. సి.ఎస్.ఆర్. 1939లో వేంకటేశ్వరుడు. 1951 పాతాళభైరవిలో రాజు. 1957 మాయాబజార్‌లో శకుని. 1961 జగదేకవీరుని కథలో మంత్రి. ఆ శకుని మాట విరుపు వినండి, ఏ అక్షరం మీద ఆగాలో, ఎక్కడ నవ్వు దాచుకోవాలో స్టేజీ నేర్పిన మనిషి అని తెలిసిపోతుంది. నన్నడిగితే ఆయన వేంకటేశ్వరుడి కంటే శకునే గొప్ప. మా ఆఫీసులో దీని మీద పెద్ద గొడవలే అయ్యేవి.

చివరగా ఒక నోట్‌బుక్కులో నాలుగు గడులు గీయండి: సినిమా లేదా నాటకం, ఏడాది, వేషం, ఆధారం. సినిమా చూడకుండా పాటల పుస్తకాన్నిబట్టే రాస్తే ఆ మాటే ఆధారం గడిలో పెట్టండి. ఆధారం లేని వేషాన్ని కొట్టేయకుండా వేరే పేజీలోకి మార్చండి, రేపు ఎవరి ట్రంకుపెట్టెలోంచో కాగితం బయటికి రావచ్చు. ఇంట్లో ఉన్న పాటల పుస్తకాలు మాత్రం ఎవరడిగినా అరువివ్వకండి. సెల్‌ఫోన్‌లో ఫొటోలు తీసి పంపండి, చాలు.