బొమ్మ ఎగిరితే ముందు లూప్ చూడండి

కార్బన్ కడ్డీల వెలుగుతో నడిచే పాత 35 ఎంఎం సినిమా ప్రొజెక్టర్‌ను మళ్లీ నడపాలనుకునేవాళ్ల కోసం ఇది. కుర్రతనంలో ఓ టౌన్ థియేటర్ క్యాబిన్‌లో పనిచేశాను. "ఒరేయ్ ఆపరేటరూ!" అని నేల టికెట్ల నుంచి కేక వస్తే ఏం చూసేవాళ్లమో చెబుతాను.

బొమ్మ పైకీ కిందకీ ఎగురుతోంది, గేటు దగ్గర టకటకా చప్పుడు

దాదాపు ప్రతిసారీ లూప్ పోయే ఉంటుంది. స్ప్రాకెట్ల (పళ్ల చక్రాల) మీద ఫిల్మ్ ఆగకుండా నడుస్తుంది, గేటులో (ఫిల్మ్ మీద వెలుగు పడే కిటికీలో) మాత్రం సెకనుకు 24 సార్లు ఆగి కదులుతుంది. ఈ తేడాను సర్దేది గేటుకు పైనా కిందా వదిలే వదులు చుట్టే, అదే లూప్. అంచు రంధ్రాలు చిరిగినా, పాత అతుకు బిరుసెక్కినా అది జారిపోతుంది. ఫోకస్ జోలికి వెళ్లొద్దు. ముందు దీపం వెలుగును అడ్డుకునే డౌజర్ రేకు మూసి, తర్వాతే మోటారు ఆపండి. లూప్ మళ్లీ వేసి, చేత్తో తిప్పి చూశాకే మోటారు వేయాలి. ఒకసారి కంగారులో నేను ముందు మోటారే ఆపాను. ఆగిన ఫ్రేము తెర మీద బుడగలా ఉబ్బి కాలిపోయింది. మేనేజర్ తిట్లు హాలంతా వినబడ్డాయి.

పెదాలకూ మాటకూ పొంతన లేదు

ఇదీ లూప్ పనే. ఫిల్మ్ మీది శబ్దాన్ని చదివే సౌండ్ హెడ్ గేటుకు కింద ఉంటుంది కాబట్టి ఫిల్మ్ మీద శబ్దాన్ని బొమ్మకు సుమారు 20 ఫ్రేములు ముందు ముద్రిస్తారు. కింది లూప్ పెద్దదైతే మాట వెనకబడుతుంది, చిన్నదైతే ముందే వస్తుంది. ఫ్రేములు లెక్కపెట్టి సరిచేయండి. ఒక ఫ్రేము తేడా ఎవరికీ తెలియదు. ఐదారైతే డైలాగులు కంఠతా వచ్చిన మన జనం ఊరుకోరు.

కాళ్లు పైన, తల కింద

ఫ్రేముకు 4 రంధ్రాలు. ఒకటి తప్పించి ఎక్కిస్తే బొమ్మ పావు వంతు జరుగుతుంది. ఫ్రేమింగ్ నాబ్ తిప్పితే చాలు.

టైటిల్స్‌లో తెల్ల అక్షరాలకు తోకలు

ఫిల్మ్ కదిలేటప్పుడు వెలుగును మూయాల్సిన షట్టర్ అప్పుడే తెరిచి ఉంటోంది. తోక పైకి ఉంటే షట్టర్ ఆలస్యంగా మూస్తోంది, కిందకి ఉంటే తొందరపడి తెరుస్తోంది. టైమింగ్ సరిచేయాలి.

వెలుగు పసుపెక్కి తగ్గుతోంది

కార్బన్లు కాలి మధ్య ఖాళీ పెరిగింది. నల్ల అద్దంలోంచి చూస్తూ దగ్గరకు జరపండి.

రీలు మారేచోట తెర తెల్లబడింది

రీలు చివర తెర కుడి పైమూలన చుక్క మెరవగానే తర్వాతి రీలు ఎక్కించిన రెండో మెషిన్ మోటారు వేయాలి. సుమారు 7 సెకన్లకు వచ్చే రెండో చుక్కకు బొమ్మ మార్చాలి. ఊళ్లు తిరిగిన ప్రింట్లలో చివర తెగి చుక్కలే ఉండవు, లేదా ప్రతి ఆపరేటరూ గీకిన సొంత గుర్తులు నాలుగైదు ఉంటాయి. అందుకే రీలు చుట్టేటప్పుడే ఆఖరి డైలాగ్ చీటీ మీద రాసి మెషిన్ పక్కన అంటించుకోండి.