నాన్‌లోకల్ అన్నారు, నేను లోకలే

డీఎస్సీ (ప్రభుత్వ టీచర్ల నియామకం) సర్టిఫికెట్ల పరిశీలనలో చిత్తూరులో నన్ను నాన్‌లోకల్, అంటే ఆ జిల్లా అభ్యర్థిని కాదు అన్నారు. చూసింది పదో తరగతి మెమో ఒక్కటే. నేను 4 నుంచి 7వ తరగతి దాకా చదివింది చిత్తూరులో, ఆ తర్వాత పది దాకా నెల్లూరులో. 1975 రాష్ట్రపతి ఉత్తర్వుల ప్రకారం పదో తరగతితో ముగిసే చివరి నాలుగేళ్లూ ఒకే జిల్లాలో చదవకపోతే, చివరి ఏడేళ్లలో ఎక్కువ కాలం చదివిన జిల్లాకే లోకల్. నాలుగు పెద్దదా, మూడు పెద్దదా? అంతే కదా!

నోటితో చెబితే ఎవరూ వినలేదు. స్టడీ సర్టిఫికెట్లు జతచేసి అర్జీ ఇచ్చి, నకలు మీద స్టాంపు, తేదీ వేయించుకున్నాను. లాయరు మొదట అడిగింది ఆ కాగితమే. జవాబు రాకపోయేసరికి అమరావతిలో హైకోర్టులో రాజ్యాంగంలోని 226 అధికరణ కింద రిట్ పిటిషన్ వేశాం. ఈలోపు పోస్టు నింపేస్తారేమోనని ఒకటే టెన్షన్. ఒక పోస్టు ఖాళీగా ఉంచమని మధ్యంతర ఉత్తర్వు వచ్చాకే నిద్ర పట్టింది. తర్వాత అర్జీ పరిశీలించి, కారణాలు రాసి నిర్ణయం చెప్పమంది కోర్టు. ఈసారి లెక్క చూశారు, లోకల్ జాబితాలోకి మార్చారు.