శ్రుతి పాఠాలు – 5: ఎవరూ మీటని గాంధారం

తంబురాకు శ్రుతి చేసే ఈ పాఠాల్లో నాలుగోది చేసినవాళ్లలో ఎక్కువమంది ఒక్కచోటే ఆగిపోయారు. శ్రుతి కుదిరింది, జీవ (తీగకూ దాన్ని మోసే గుర్రానికీ మధ్య దూర్చే దారం) పెట్టగానే చెడిపోయింది. చెడిపోక తప్పదు. దారం తీగను వెంట్రుకవాసి పైకెత్తుతుంది, దాంతో బిగువు పెరిగి స్వరం పైకి జరుగుతుంది. అందుకే వరుస ఇలా ఉండాలి: శ్రుతి, జీవ, మళ్లీ శ్రుతి. మొదటి శ్రుతి పైకొసన తీగను బిగించే బిరడాలతో, రెండోది గుర్రం దిగువన తీగకు గుచ్చిన పూసలతో.

ఆ మొదటి శ్రుతికి ముందే పూసలను వాటి దారిలో సగానికి తెచ్చి ఉంచండి. గుర్రం నుంచి కిందికి, తీగ కట్టిన కొస వైపు జరిపితే స్వరం పెరుగుతుంది, గుర్రం వైపు జరిపితే తగ్గుతుంది. ముందే ఒక కొసకు ఆనించేస్తే తర్వాత జరపడానికి చోటుండదు. బిరడా జారిపోతోందంటే తిప్పేటప్పుడు లోపలికి నొక్కడం లేదన్నమాట. అప్పటికీ జారితే బిరడా ఊడదీసి కాస్త సుద్ద రాయండి.

ఇక దారం. నూలు దారమే కావాలి, పాలియెస్టర్ వద్దు. అది నున్నగా ఉండి తీగ కింద నిలవదు. ఉక్కు తీగలకు ఒంటి పోగు, మంద్ర షడ్జం (కింది స్థాయి స) ఇత్తడి తీగకు రెండు పోగులు పేనినది బాగుంటుంది. బెత్తెడు పొడవు తీసుకుని తీగ కిందుగా పోనిచ్చి, రెండు కొసలూ కలిపి ఎడమచేత్తో పట్టుకోండి. కుడిచేత్తో మీటుతూనే దారాన్ని గుర్రం మీద మెల్లగా జరపండి. మీటకుండా జరిపి, ఆపి, తర్వాత మీటి చూస్తే అసలు చోటు దాటిపోతారు. అది ఒక మిల్లీమీటరు కూడా ఉండదు.

వినాల్సినవి మూడు. ఒక్క స్వరమే పొడిగా, శుభ్రంగా వినిపిస్తే తీగ గుర్రానికి అందకుండా లేచిపోయింది. చిటపటమని టక్కున ఆగిపోతే మరీ అతుక్కుంది. ఈ రెంటి మధ్య, మీటిన తర్వాత నాదం విచ్చుకుంటూ తుమ్మెద ఝంకారంలా సాగే చోటుంది. అక్కడ ఆపండి. ఏ దిక్కుకు జరపాలన్నది గుర్రం వంపును బట్టి ఉంటుంది, చెవినే నమ్మండి.

అసలు ప్రమాదం ఫోన్లోని ట్యూనరు. ముల్లు పచ్చగీత మీద నిలిచిందని పంచమాన్ని వదిలేసేవాళ్లే ఎక్కువ. ఆ ముల్లు చూపేది కీబోర్డు మెట్లను. స్థాయిని పన్నెండు సమభాగాలు చేసిన మెట్లవి. తంబురా ఆ లెక్కకు లొంగదు. ఒకటో శ్రుతికి (కీబోర్డు మీద C) మంద్ర షడ్జం 65.406 హెర్ట్జ్. పంచమం దానికి ఒకటిన్నర రెట్లు, అంటే 98.11. ముల్లు అడిగేది 98.00. తేడా పిసరంతే అనిపిస్తుంది. కానీ షడ్జం మూడో అనుస్వరమూ (తీగ మూల స్వరానికి మూడు రెట్ల పౌనఃపున్యంతో అదే తీగలో పలికే స్వరం) పంచమం రెండో అనుస్వరమూ కలవాల్సిన చోట ఆ పిసరే రెట్టింపై, సుమారు నాలుగున్నర సెకన్లకోసారి నాదం ఉబ్బి తగ్గుతుంది. ఇంటర్ భౌతికశాస్త్రంలో చదివిన విస్పందనాలు ఇవే.

గాంధారం దగ్గర తేడా ఇంకా పెద్దది. మంద్ర షడ్జం తీగలోని ఐదో అనుస్వరమే తంబురాలో దానంతటదే పలికే అంతర గాంధారం: 327 హెర్ట్జ్. కీబోర్డు గాంధారం 329.6. ఆ కీబోర్డు గాంధారాన్ని తంబురా పక్కన పలికిస్తే సెకనుకు రెండున్నర సార్లు కొట్టుకుంటుంది. కాబట్టి ట్యూనరును సారణి (మధ్యలోని రెండు షడ్జం తీగల్లో మొదటిది) ఒక్కదానికి, ఒక్కసారి వాడి పక్కన పెట్టేయండి. అనుసారణిని, అంటే రెండోదాన్ని, సారణితో కలపండి. అలలు నెమ్మదించి, నెమ్మదించి ఆగిపోయే దాకా పూస జరపండి. తర్వాత మంద్రం, చివర పంచమం. మంద్రం తేలకముందు పంచమం ముట్టుకోకండి.

జీవ నిజంగా కుదిరిందా అన్నదానికి ఒక పరీక్ష ఉంది. తీగను ఏ చోట మీటితే ఆ చోట అస్పందన స్థానం (కదలని బిందువు) ఉన్న అనుస్వరాలు పుట్టవన్నది భౌతికశాస్త్రవేత్త థామస్ యంగ్ సూత్రం. సరిగ్గా సగంలో మీటితే రెండో అనుస్వరం ఉండకూడదు. దారం తీసేసి సగంలో మీటి, వెంటనే అక్కడే వేలికొసతో తాకండి. నాదం దాదాపు చచ్చిపోతుంది. దారం పెట్టి అలాగే చేయండి. పై స్థాయి షడ్జం మోగుతూనే ఉంటుంది! తీగ గుర్రం వంపును తాకుతూ వదులుతూ కదలడమే కారణం. తంబురా, వీణ ఈ సూత్రాన్ని ధిక్కరిస్తాయని సి.వి. రామన్ 1921లో రాశారు. తాకిన తర్వాత మీ తీగ మూగబోయిందంటే జీవ ఇంకా కుదరలేదు.

మీటడం గురించి ఒక్క మాట: పంచమానికి నడిమివేలు, మిగతా మూడింటికి చూపుడువేలు, గోరు తగలకూడదు. గట్టిగా లాగితే స్వరం పైకెక్కి దిగుతుంది, అప్పుడు చేసిన శ్రుతి శ్రుతి కాదు.

అభ్యాసం: మంద్రం తీగకు జీవ పెట్టండి, తీసేయండి, మళ్లీ పెట్టండి. రోజుకు పదిసార్లు, ఏడు రోజులు. ప్రతిసారీ సగంలో తాకే పరీక్ష చేయాలి. ఈ వారం గొంతు కలపవద్దు. ఎనిమిదో రోజు నాలుగు తీగలూ కలిపి పావుగంట మీటుతూ గాంధారం కోసం వినండి. వినిపించకపోతే మంద్రం జీవనే మళ్లీ చూడండి, పంచమం పూసను కదపకండి.