ఆర్డీవో ఉత్తర్వును తహసీల్దారు అమలు చేయకపోతే హైకోర్టులో ఏం అడగాలి

ఆంధ్రప్రదేశ్‌లో 1971 నాటి పట్టాదారు పాసు పుస్తకాల చట్టం కింద అప్పీలు వేసి, ఆర్డీవో (రెవెన్యూ డివిజనల్ అధికారి) దగ్గర గెలిచి, రికార్డులు సవరించమని తహసీల్దారుకు ఉత్తర్వు వెళ్లిన తర్వాత కూడా అడంగల్‌లోనూ (సాగు వివరాల రికార్డు), 1బిలోనూ (భూమి హక్కుల రికార్డు) పాత పేరే కనబడుతుంటే ఆ రైతు కష్టం చిన్నది కాదు. అప్పుడు చాలామందికి వచ్చే మొదటి ఆలోచన కోర్టు ధిక్కరణ కేసు. అది తొందరపాటు. ధిక్కరణ చర్య కోర్టు ఆదేశాన్ని కావాలని ఉల్లంఘించినప్పటికే గాని, రెవెన్యూ అధికారి ఉత్తర్వు అమలు కాకపోవడానికి కాదు. కాబట్టి ముందు హైకోర్టు నుంచి ఒక ఆదేశం సంపాదించాలి.

ఆ ఉత్తర్వుపై అవతలివారు కలెక్టర్ దగ్గర రివిజన్ (ఉత్తర్వును తిరిగి పరిశీలించమనే అర్జీ) వేశారా, స్టే (అమలు నిలిపివేత) తెచ్చుకున్నారా అన్నది మొదట తెలుసుకోండి. స్టే ఉన్నంతకాలం అమలు కోరడం వృథా. సర్టిఫైడ్ కాపీ తీసుకుని, ఉత్తర్వు నంబరు, తేదీ రాసి, అమలు చేయమని తహసీల్దారుకు వినతిపత్రం ఇచ్చి, రెండో ప్రతిపై కార్యాలయం ముద్ర, తేదీ వేయించుకోండి. తీసుకోకపోతే అందినట్టు రుజువు దొరికేలా స్పీడ్ పోస్టులో పంపండి. మాండమస్ (చేయాల్సిన పని చేయమని అధికారికి హైకోర్టు ఇచ్చే ఆదేశం) కోరేవారు తాము అడిగామనీ, అధికారి చేయలేదనీ చూపించాలి గనుక ఈ ముద్ర విలువ ఎంతో ఉంది. ఆ ఉత్తర్వుపై ఏ చర్య తీసుకున్నారో చెప్పమని సమాచార హక్కు చట్టం కింద కూడా అడగండి. జవాబుకు గడువు 30 రోజులు. 'ఫైలు పెండింగులో ఉంది' అని సంతకంతో వచ్చిన ఒక్క వాక్యం చాలాసార్లు మంచి సాక్ష్యమవుతుంది.

ఆ తర్వాత రాజ్యాంగం 226వ అధికరణ కింద మాండమస్ కోరుతూ రిట్ పిటిషన్ వేయాలి. ప్రభుత్వంపై సివిల్ దావాకు ముందు ఇవ్వాల్సిన సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 80 నోటీసు దీనికి అక్కర్లేదు. రెవెన్యూ శాఖను, కలెక్టరును, ఆర్డీవోను, తహసీల్దారును హోదాలతో ప్రతివాదులుగా చేర్చండి; అప్పీలులో ఓడిపోయిన వ్యక్తిని కూడా చేర్చండి, ఎందుకంటే అతన్ని విననిదే అతనికి నష్టం కలిగించే ఆదేశమివ్వడానికి కోర్టు వెనుకాడుతుంది. భూమి ఎవరిదన్న వాదనలోకి దిగవద్దు. హక్కు వివాదమైతే సివిల్ కోర్టుకు వెళ్లమంటారు. తుది ఉత్తర్వు ఉండగా అమలు చేయకపోవడం చట్టవిరుద్ధమని ప్రకటించి, ఇన్ని వారాల్లో అమలు చేయమని ఆదేశించాలని మాత్రమే కోరండి. గడువు తప్పనిసరిగా అడగండి. అది లేని ఆదేశంతో ఉల్లంఘన ఏ రోజు మొదలైందో చూపడం కష్టం.

హైకోర్టు ఆదేశం రాగానే దాని కాపీని తహసీల్దారుకు ముద్రతో అందజేయండి. అధికారికి తెలిసి కూడా పాటించలేదని రుజువు చేయాలంటే అదే ఆధారం. గడువు దాటినా కదలిక లేకపోతే, అప్పుడు 1971 కోర్టు ధిక్కరణ చట్టం కింద, బాధ్యుడైన అధికారిని పేరుతో ప్రతివాదిగా చేసి పిటిషన్ వేయవచ్చు. సెక్షన్ 20 ప్రకారం ఉల్లంఘన జరిగిన నాటి నుంచి ఏడాది లోపలే వేయాలి. 'రేపు చేస్తాం, ఎల్లుండి చేస్తాం' అన్న మాటలు నమ్మి ఈ ఏడాదిని పోగొట్టుకోవద్దు. శిక్ష గరిష్ఠంగా ఆరు నెలల సాధారణ జైలు, 2,000 రూపాయల జరిమానా, లేదా రెండూ.

మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా హైకోర్టు న్యాయసేవల కమిటీ ద్వారా ఉచిత న్యాయవాది దొరుకుతారు.